కాలాన్ని దాచుకున్న ఇసుక

చిటికెడు పొడి నోట్లో వేసుకుంటే ముసలివాడు పడుచువాడైపోతాడు. అదే పొడిని నేలమీద చల్లితే నడుస్తున్న గడియారం ఆగిపోతుంది. ఇలాంటి వింత పదార్థాల గురించి మీరు కథల్లో చదివే ఉంటారు. 1991లో వచ్చిన 'ఆదిత్య 369' సినిమాలోనైతే కాలయంత్రమెక్కి కృష్ణదేవరాయల కాలానికే వెళ్ళిపోయారు. మరి కాలాన్ని మన చెప్పుచేతల్లో పెట్టగల పదార్థం నిజంగా ఉందా?

లేదు. కాని కోట్ల సంవత్సరాల కాలాన్ని లెక్క తప్పకుండా తనలో దాచుకున్న పదార్థం ఒకటుంది. దాని పేరు మోనజైట్. అది మన సముద్రతీరంలోనే ఉంది.

భీమిలి నుంచి విజయనగరం జిల్లాలోని కోనాడ మీదుగా శ్రీకాకుళం జిల్లా కళింగపట్నం దాకా తీరం వెంట నడిస్తే, తెల్లని ఇసుకలో అక్కడక్కడ నల్లని చారలు కనిపిస్తాయి. అవి మట్టి మరకలు కావు, బరువైన ఖనిజాల రేణువులు. నల్లనివి ఎక్కువగా ఇల్మనైట్, ఎర్రనివి గార్నెట్. వాటి మధ్య కొద్దికొద్దిగా తేనెరంగులో ఉండేదే మోనజైట్. తూర్పు కనుమల రాళ్ళు ఎండకూ వానకూ అరిగి పొడి అయితే, గోస్తని, చంపావతి, నాగావళి, వంశధార వంటి నదులు ఆ పొడిని సముద్రానికి చేరుస్తాయి. అలలు తేలిక ఇసుకను లాగేసుకుని, బరువైన రేణువులను ఒడ్డున వదిలిపెడతాయి.

మోనజైట్‌లో థోరియం అనే మూలకం ఉంటుంది. థోరియం పరమాణువుల కేంద్రకాలు వాటంతటవే కణాలను వెలువరిస్తూ వేరే మూలకాలుగా మారుతూ, చివరకు సీసంగా నిలిచిపోతాయి. ఇదే రేడియోధార్మికత.

ఇది గడియారంలా ఎలా పనిచేస్తుందో తెలియాలంటే ఒక ఆట ఆడి చూడండి. అష్టాచెమ్మా ఆటకు చేసినట్లు చింతపిక్కలను అరగదీసి, 100 బద్దలు సిద్ధం చేసుకోండి. అన్నింటినీ ఒకేసారి నేలమీద వేయండి. తెల్లవైపు పైకి పడినవాటిని తీసేయండి. సుమారు 50 మిగులుతాయి. వాటిని మళ్ళీ వేస్తే 25, ఇంకోసారి వేస్తే 12 లేక 13. ఏ పిక్క తెల్లగా పడుతుందో ఎవరూ చెప్పలేరు. కాని ప్రతిసారీ దాదాపు సగం పోతాయని మాత్రం ముందే చెప్పవచ్చు. పరమాణువుల్లో సగం ఇలా మారడానికి పట్టే కాలాన్ని అర్ధజీవిత కాలం అంటారు. థోరియానికి అది సుమారు 1405 కోట్ల సంవత్సరాలు! విశ్వం వయసే దాదాపు 1380 కోట్ల సంవత్సరాలు. అంటే ఈ ఆటలో మొదటి వేటు కూడా ఇంకా పూర్తి కాలేదన్నమాట.

మోనజైట్ స్ఫటికం భూగర్భంలో వేడి రాతిలో పెరిగేటప్పుడు థోరియాన్ని ఇముడ్చుకుంటుంది కాని, సీసాన్ని దాదాపుగా రానివ్వదు. కనుక తర్వాత అందులో కనిపించే సీసం అక్కడే పుట్టినది. 100 థోరియం పరమాణువుల్లో సుమారు 5 సీసంగా మారి ఉంటే, ఆ స్ఫటికం వయసు 100 కోట్ల సంవత్సరాలు. తూర్పు కనుమల శిలల్లోని మోనజైట్‌కు చాలాచోట్ల ఇంచుమించు ఇదే వయసు తేలింది. సీసాన్ని లెక్కగట్టి రాళ్ళ వయసు చెప్పే పద్ధతికి 1907లో అమెరికా శాస్త్రవేత్త బోల్ట్‌వుడ్ యురేనియం ఖనిజాలతో నాంది పలికాడు.

సరే, ఈ గడియారాన్ని మనం ఆపగలమా? మోనజైట్‌ను నిప్పుల్లో కాల్చండి, ఆమ్లంలో కరిగించండి, మంచులో పాతిపెట్టండి. థోరియం మారే వేగం మారదు. మంట, ఆమ్లం పరమాణువు పైపైన తిరిగే ఎలక్ట్రాన్లనే కదిలిస్తాయి. ఈ మార్పు జరిగేది లోపలి కేంద్రకంలో. అందుకే ఈ గడియారాన్ని నమ్మవచ్చు. అందుకే దీనితో ప్రమాదం కూడా.

1920 దశకంలో అమెరికాలో రేడియం కలిపిన నీళ్ళను 'రేడిథార్' అనే పేరుతో సీసాల్లో అమ్మారు. తాగితే కొత్త శక్తి వస్తుందన్నారు. అందులో ఉన్న రెండు రకాల రేడియంలో ఒకటి థోరియం నుంచి పుట్టేదే. ఎబెన్ బయర్స్ అనే ధనవంతుడు వందల సీసాలు తాగాడు. రేడియం కాల్షియంలాంటిది కనుక నేరుగా ఎముకల్లో చేరింది. దవడ ఎముక పుచ్చిపోయి, 1932లో ఆయన మరణించాడు. ఎముకల్లో చేరిన రేడియం పని ఆపడం ఏ వైద్యుడి తరమూ కాలేదు.

అలాగని తీరంలో కాసేపు నడవడానికి భయపడనక్కరలేదు. థోరియం వెలువరించే ఆల్ఫా కణాలను మన చర్మమే ఆపేస్తుంది. అసలు చిక్కు దుమ్ముతో వస్తుంది. మోనజైట్‌ను వేరుచేసి పోగుపెట్టే చోట ఆ దుమ్ము ఊపిరితిత్తుల్లో చేరితే, కణాలు లోపలి నుంచే కొడతాయి. ఈ ఖనిజం ప్రభుత్వ నియంత్రణలో ఉంది. పెట్రోమాక్స్ దీపం మాంటిళ్ళలోనూ థోరియం వాడేవారు. పాత మాంటిల్ బూడిద కనిపిస్తే ఊదకండి, చేత్తో నలపకండి.

యౌవనాన్ని తిరిగి తెచ్చే పొడి అంటూ ఎవరైనా మీ ఇంటికి అమ్మవస్తే, ఒక్క ప్రశ్న అడగండి: "ఇది ఒంట్లో చేరాక, వద్దనుకుంటే ఆగుతుందా?"