ప్రతిభాన్వేషి బక్ ఓనీల్

బేస్‌బాల్ అమెరికా ప్రజలకు మిక్కిలి ప్రీతిపాత్రమైన ఆట. అక్కడి వృత్తిక్రీడా జట్లలో ప్రేక్షకుల కంటికి కనిపించని వ్యక్తి ఒకడుంటాడు. అతడే స్కౌట్, అనగా ప్రతిభాన్వేషి. ఊరూరా తిరిగి, పాఠశాలల్లో, కళాశాలల్లో ఆడే యువకులను పరిశీలించి, యోగ్యులైన వారిని గురించి జట్టుకు నివేదించడం అతని విధి. నేటి ఆటను చూస్తే చాలదు. ఐదేళ్ల తరువాత ఆ కుర్రవాడు ఏ స్థాయికి చేరగలడో ఊహించాలి. ఈ విద్యలో ఆరితేరినవారు బక్ ఓనీల్.

ఆయన 1911లో ఫ్లోరిడా రాష్ట్రంలో జన్మించారు. బాల్యంలో సెలరీ తోటల్లో కూలిపని చేశారు. ఆ కాలంలో ప్రధాన లీగ్‌లలో నల్లజాతి వారికి ప్రవేశం లేదు. ఈ నిషేధం ఏ శాసనంలోనూ లేదు. జట్ల యజమానుల నడుమ సాగిన అలిఖిత ఒప్పందమది. అందుచేత నల్లజాతి వారు తమ లీగ్‌లను తామే నిర్మించుకున్నారు. ఓనీల్ 1938లో కాన్సస్ సిటీ మోనార్క్స్ జట్టులో చేరి, 1948లో దానికి మేనేజరయ్యారు. బేస్‌బాల్‌లో మేనేజర్ అంటే జమాఖర్చులు చూసే ఉద్యోగి కాడు. క్రికెట్‌లో కెప్టెన్, కోచ్ చేసే పనులు రెండూ అతనివే.

1947లో జాకీ రాబిన్సన్ ప్రధాన లీగ్‌లో ఆడడంతో వర్ణవివక్ష గోడ బీటలువారింది. అయితే మేటి ఆటగాళ్లందరూ అటు తరలిపోగా నల్లజాతి లీగ్‌లు క్షీణించాయి. ఓనీల్ శిక్షణలో ఆడిన ఎర్నీ బ్యాంక్స్ 1953లో చికాగో కబ్స్ జట్టుకు వెళ్లాడు. కొంతకాలానికి ఓనీల్ కూడా ఆ జట్టుకే స్కౌట్‌గా చేరి, దక్షిణాది రాష్ట్రాల్లోని నల్లజాతి కళాశాలల మైదానాలను గాలించారు. లూయిసియానాలోని సదరన్ విశ్వవిద్యాలయంలో ఆయన గుర్తించిన యువకుడు లూ బ్రాక్. 1964లో కబ్స్ యాజమాన్యం అతణ్ణి సెయింట్ లూయిస్ జట్టుకు ఇచ్చివేసింది. తరువాత అతడు 938 బేస్‌లు దొంగిలించి నాటి రికార్డులన్నీ తిరగరాశాడు. స్కౌట్ ఏరి తెచ్చిన ముత్యాన్ని యాజమాన్యమే జారవిడుచుకున్నది!

ఓనీల్‌కు కంటితో పాటు చెవి కూడా సాధనమే. బ్యాటు బంతిని తాకిన ధ్వనిని బట్టి ఆటగాని సత్తాను పోల్చుకునేవారు. అసాధారణమైన ఆ ధ్వనిని జీవితంలో ముగ్గురి వద్దనే విన్నానని చెప్పేవారు: బేబ్ రూత్, జాష్ గిబ్సన్, బో జాక్సన్.

1962లో కబ్స్ ఆయనను కోచ్‌గా నియమించింది. ప్రధాన లీగ్‌లలో ఆ పదవి పొందిన తొలి నల్లజాతీయుడాయన. ఆ రోజుల్లో కబ్స్ జట్టుకు స్థిరమైన మేనేజర్ లేడు. కోచ్‌లే వంతులవారీగా సారథ్యం వహించేవారు. ఆ వంతు ఓనీల్‌కు ఒక్కనాడూ రాలేదు. ఏళ్ల తరబడి ఒక జట్టును నడిపిన అనుభవజ్ఞునికి జరిగిన అన్యాయమిది. ప్రధాన లీగ్‌లో నల్లజాతి మేనేజర్ కనిపించడానికి 1975 వరకు, ఫ్రాంక్ రాబిన్సన్ వచ్చేవరకు, ఆగవలసి వచ్చింది. ఓనీల్ మళ్లీ స్కౌట్‌గానే కొనసాగారు.

కాన్సస్ సిటీలో 1990లో ఏర్పడిన నల్లజాతి లీగ్‌ల మ్యూజియానికి ఆయన ప్రాణం పోశారు. 2006లో ఒక ప్రత్యేక సంఘం ఆ లీగ్‌లకు చెందిన 17 మందిని కీర్తి మందిరానికి ఎంపిక చేసింది. వారిలో ఓనీల్ పేరు లేదు. ఎంపికైన వారందరూ అప్పటికే గతించినవారు. వారి పక్షాన మాట్లాడడానికి 94 ఏళ్ల ఓనీల్‌నే పిలిచారు. ఆయన వెళ్లారు. నిష్ఠూరమాడక, సభికుల చేత చేయీ చేయీ పట్టించి పాట పాడించారు. ఆ అక్టోబరులోనే మరణించారు. కీర్తి మందిరంలో ఆయనకు స్థానం 2022లో లభించింది.