అంతర్యుద్ధమున ఒక ఆటగాడు

అంతర్యుద్ధముల చరిత్రలను చదువునపుడు మనకు సేనానుల పేరులు, ముట్టడుల తేదీలు, సంధిపత్రముల షరతులు కానవచ్చును. ఆ కాలముననే గ్రంథాలయములు, పాఠశాలలు, వ్యాయామసంఘములు ఏమైనవో, వానిని ఎవరు కాపాడిరో తెలిసికొనుట కష్టము. ప్రభుత్వములు కూలినపుడు ప్రజల పొత్తు చెడకుండ నిలుపునవి ఇట్టి సంస్థలే. 1936 మొదలు 1939 వరకు స్పెయిన్ దేశమును దహించిన అంతర్యుద్ధమున బార్సెలోనా కాలిబంతి సంఘము నశింపక నిలిచినది. అందుకు పాటుపడినవారిలో ఒకరు ఆ దేశస్థులు కారు, ఐర్లండు దేశీయులు. ఆయన పేరు పాట్రిక్ ఓకొన్నెల్. ఆయన గుణములను, దోషములను ఉన్నవి ఉన్నట్లు పాఠకులకు తెలుపుట యుక్తమని తలచుచున్నాము.

ఓకొన్నెల్ 1887లో డబ్లిన్ నగరమున జన్మించెను. యౌవనమున పిండిమరలో పనిచేసి, ఆటలో గల నేర్పుచే బెల్ఫాస్టు సెల్టిక్ జట్టులో చేరి, అటుపిమ్మట ఇంగ్లండునకు పోయి షెఫీల్డు, హల్ నగరముల జట్లలో ఆడెను. 1914లో మాంచెస్టర్ యునైటెడ్ సంఘమున చేరి ఆ జట్టునకు నాయకుడయ్యెను. ఆ సంవత్సరముననే బ్రిటిష్ ద్వీపముల జట్ల పోటీలో ఐర్లండు విజయము గాంచినది. స్కాట్లండుతో జరిగిన కడపటి ఆటలో చేయి విరిగినను ఆయన మైదానము విడువలేదు. కాని మరుసటి సంవత్సరము గుడ్ ఫ్రైడే నాడు లివర్పూల్ జట్టుతో జరిగిన ఆట ఫలితము పందెముల కొరకు ముందే నిశ్చయింపబడినదని విచారణలో తేలినది. ఇరుపక్షముల ఆటగాండ్రు కొందరు బహిష్కృతులైరి. ఆ ఆటలో పెనాల్టీ బంతిని గురికి ఎడముగా తన్నిన ఓకొన్నెల్ మాత్రము శిక్షకు లోను కాలేదు. ఆయనపై నేరము రుజువు కాకపోయినను ఆ సందేహపు నీడ పూర్తిగా తొలగలేదు.

1922లో ఆయన భార్యాబిడ్డలను ఇంగ్లండున విడిచి స్పెయిన్ చేరెను. స్వదేశమైన ఐర్లండున అంతర్యుద్ధము మొదలైన సంవత్సరమును అదియే. సాంతాందేర్, ఒవియేదో నగరముల జట్లను తీర్చిదిద్ది, పిమ్మట దక్షిణమున సెవిల్ నగరమునందలి బేతిస్ సంఘమునకు మేనేజరయ్యెను. ధనబలము గల పెద్ద సంఘములను ఎదిరించి ఆ జట్టు 1935లో స్పెయిన్ లీగు విజేత అయినది. మాడ్రిడ్ జట్టుకన్న దానికి అధికమైనది ఒక్క పాయింటు మాత్రమే. నేటివరకు బేతిస్ గెలిచిన లీగు అది యొక్కటే. సెవిల్ ప్రజలు ఆయనను డాన్ పత్రీసియో యని గౌరవముతో పిలుచుచుండిరి.

ఆ కీర్తియే ఆయనను 1935లో బార్సెలోనాకు చేర్చినది. ఆ సంఘము ఆటకు మాత్రమే పరిమితమైనది కాదు. కటలోనియా ప్రజలు తమ భాషను, స్వత్వమును దానియందు చూచుకొనుచుండిరి. 1925లో ఒక ఆటకు ముందు ప్రేక్షకులు స్పెయిన్ రాజగీతమును ఈలలతో పరిహసించినందున, నియంతయగు ప్రీమో దె రివేరా ప్రభుత్వము ఆ మైదానమును మూయించినది. ఓకొన్నెల్ వచ్చునాటికి సంఘాధ్యక్షులు జోసెప్ సున్యోల్. ఆయన కటలోనియా రిపబ్లికన్ పక్షమునకు చెందిన పార్లమెంటు సభ్యులు. 1936 జూన్ నెలలో వాలెన్సియాలో జరిగిన కప్పు పోటీ తుది ఆటలో బార్సెలోనా 2-1 తేడాతో మాడ్రిడ్ జట్టుకు ఓడినది. నెల తిరుగకమునుపే దేశము రెండుగా చీలినది.

జులై 17వ తేదీన మొరాకోలోని సైన్యము రిపబ్లిక్ ప్రభుత్వముపై తిరుగుబాటు చేసెను. సెవిల్ నగరము తిరుగుబాటుదార్ల సేనాని కేయ్‌పో దె ల్యానో వశమయ్యెను. బార్సెలోనాలో కార్మికులును, ప్రభుత్వమునకు విధేయులగు రక్షకభటులును కలిసి సైనికులను ఓడించిరి. ఓకొన్నెల్‌కు కీర్తి తెచ్చిన ఊరు ఒక పక్షమున, ఆయన కొలువు చేయుచున్న ఊరు మరియొక పక్షమున నిలిచినవి. నిన్న ఒకే మైదానమున ఆడినవారు నేడు పరస్పరము శత్రువులైరి. ఆగస్టు 6వ తేదీన సున్యోల్ మాడ్రిడ్ సమీపమందలి గ్వాదర్రామా కొండలలో కారులో పోవుచు, ఎదిరిపక్షము వారి చేత చిక్కి కాల్చివేయబడెను. అధ్యక్షుని కోల్పోయిన సంఘమును ఇతరులు ఆక్రమింపకుండ దాని ఉద్యోగులే ఒక కమిటీగా ఏర్పడి నిర్వహణ చేపట్టిరి. విదేశీయుడగు ఓకొన్నెల్ తన త్రోవ తాను చూచుకొనిన తప్పుపట్టువారు లేరు. ఆయన పోలేదు. రిపబ్లిక్ పక్షపు ప్రాంతములలో జరిగిన మెడిటరేనియన్ లీగు పోటీని 1937లో బార్సెలోనా ఆయన పర్యవేక్షణముననే గెలిచినది.

విజయము కలిగినను బొక్కసము నిండలేదు. యువకులు యుద్ధభూమికి పోవుచుండ, ఆహారమునకే కటకటపడుచున్న నగరమున ఆట చూడ టిక్కెట్టు కొనువారెవరు? ఆ సమయమున మెక్సికో దేశమునుండి ఆహ్వానము వచ్చినది. ఆ దేశాధ్యక్షులగు లాజారో కార్దెనాస్ రిపబ్లిక్‌కు మిత్రులు. 1937 వేసవిలో ఓకొన్నెల్ జట్టును వెంటబెట్టుకొని మెక్సికోలోను, పిదప న్యూయార్కులోను ఆటలాడించెను. ఖర్చులు పోగా మిగిలిన సుమారు 12,500 డాలర్లను బార్సెలోనాకు తెచ్చిన ఏ అధికారి స్వాధీనము చేసికొనునో తెలియని కాలమది. కావున సంఘమువారు ఆ ద్రవ్యమును పారిస్ నగరపు బ్యాంకులో దాచిరి. యుద్ధానంతరము సంఘము నిలదొక్కుకొనుటకు ఆ ద్రవ్యమే ఊతమైనది.

యాత్ర ముగిసినపిమ్మట ఆటగాండ్రలో పెక్కుమంది మెక్సికోలోనో, ఫ్రాన్సులోనో ఆశ్రయము పొందిరి. వారిని పిరికివారని నిందించుట మాకు సమ్మతము కాదు. అన్నదమ్ములు ఒకరినొకరు చంపుకొనుచున్న చోటికి తిరిగి పొమ్మనుటకు ఎవరికి అధికారము కలదు? మార్తీ వెంతోల్రా అను ఆటగాడు మెక్సికోలోనే స్థిరపడగా, ఆయన కుమారుడు 1970 ప్రపంచకప్పులో మెక్సికో పక్షమున ఆడెను. అయినను ఓకొన్నెల్ కొద్దిమందితో బార్సెలోనాకు మరలినాడు. 1938 మార్చి నెలలో ఇటలీ విమానములు మూడు దినములు ఆ నగరముపై బాంబులు కురిపించినపుడు సంఘ కార్యాలయము కూడ దెబ్బతినినది. 1939 జనవరి 26వ తేదీన నగరము ఫ్రాంకో సైన్యముల వశమైనది. కొత్త ప్రభుత్వము సంఘము పేరును స్పానిష్ పద్ధతికి మార్పించినది. పేరు మారినను సంఘము మిగిలినది.

ఇంతవరకు చెప్పి ఊరకుండిన సగము సత్యమే చెప్పినవారమగుదుము. యుద్ధానంతరము ఓకొన్నెల్ ఫ్రాంకో పాలనలోనే బేతిస్, సెవిల్, సాంతాందేర్ జట్లను నడపెను. రిపబ్లిక్ కొరకు ప్రాణములొడ్డిన వీరుడని ఆయనను వర్ణించుట సరికాదు. ఆయన తన వృత్తిని, తాను చేపట్టిన జట్టును నమ్మిన మనుష్యుడు. ఇంట గెలిచి రచ్చ గెలువుమని మన పెద్దలు చెప్పిరి. ఈయన రచ్చ గెలిచెనే కాని ఇంట గెలువలేదు. మాంచెస్టర్‌లోని భార్యాబిడ్డలకు అప్పుడప్పుడు సొమ్ము పంపుచు, మొదటి వివాహము రద్దు కాకుండగనే స్పెయిన్‌లో మరియొక ఐర్లండు వనితను వివాహమాడెను. కుమారుడు తండ్రిని వెదకికొని స్పెయిన్ వచ్చినపుడు, కన్నకొడుకని చెప్పక బంధువని ఇతరులకు పరిచయము చేసెనని ఆ కుటుంబమువారే తెలిపిరి. ఒక సంఘమును కష్టకాలమున విడువనివాడు తన పిల్లలను విడిచెను. మొదటిదానిని చూపి రెండవదానిని మాపలేము. రెండవదానిని చూపి మొదటిదానిని మరువనూలేము.

కడకు ఓకొన్నెల్ లండను చేరి, 1959 ఫిబ్రవరిలో దారిద్ర్యమున మరణించెను. కెన్సల్ గ్రీన్‌లోని శ్మశానమున ఆయన సమాధిపై పేరు చెక్కిన రాయియైనను అర్ధశతాబ్దమునకు పైగా లేదు. పిదప అభిమానులు చందాలు పోగుచేసి స్మారకశిలను నిలిపిరి.

గ్రంథాలయములకు, విద్యాలయములకు, ధర్మసంస్థలకు పెత్తనము వహించువారు మన పాఠకులలో పెక్కురు కలరు. ఆపత్కాలమున సంఘద్రవ్యమును ఏ పక్షము చేతను పడనీయక కాపాడుట ఎంతటి ఘనకార్యమో వారికి వేరుగా చెప్పనక్కరలేదు. అట్టి సొమ్మును సంపాదించి పెట్టినవాని చేతిలో కడపటి దినములలో కాసు లేకపోయినది. సంస్థలకు ఆయువు నిచ్చినవారు వృద్ధులైనపుడు వారెక్కడ నున్నారో, ఎట్లున్నారో విచారించుట ఆ సంస్థల విధి. ఆ విచారణ సమాధిపై రాయి నిలుపుటకు ముందే జరుగవలెను.