పసివాడికి ఏ బొమ్మలు చూపిద్దాం?

"అత్తయ్యా, వీడికి ఫోను అలవాటు చేసిందెవరు?" అని కోడలు అడిగిన రోజు నేను పొయ్యి దగ్గర్నుంచి ఇటు తిరగలేదు. చేసింది నేనే మరి!

మా మనవడికి అప్పటికి రెండేళ్ల నాలుగు నెలలు. అబ్బాయీ, కోడలూ ఉద్యోగాలకు వెళ్లిపోతే పొద్దున తొమ్మిది నుంచి సాయంత్రం ఆరున్నర దాకా ఇంట్లో వాడూ, నేనూ. నాకేమో మోకాళ్ల నొప్పులు. గిన్నె పట్టుకుని వాడి వెంట ఇల్లంతా తిరగలేక ఒక మధ్యాహ్నం ఫోనులో బొమ్మల పాట పెట్టి ముందు కూర్చోబెట్టాను. అయిదు నిమిషాల్లో పప్పన్నం ఖాళీ! ఎంత హాయి అనిపించిందో చెప్పలేను. మర్నాడూ అదే పని. నెల తిరిగేసరికి ఫోను లేనిదే నోరు తెరవడు. లాక్కుంటే నేల మీద పడి దొర్లుతాడు. రాత్రిళ్లు ఉలిక్కిపడి లేచి ఏడుస్తాడు. వీటన్నిటికంటే నన్ను భయపెట్టింది ఇంకోటి. "నానమ్మా, కాకి!" అంటూ కిటికీ దగ్గరకు పరిగెత్తే పిల్లాడు కాస్తా, కాకి వచ్చి పిట్టగోడ మీద వాలి గొంతు చించుకున్నా తల తిప్పడం మానేశాడు.

పిల్లల డాక్టరుగారి దగ్గరకు తీసుకెళ్లాం. ఆయన చెవులు చూశారు, పేరు పెట్టి పిలిచారు, చప్పట్లు కొట్టారు. "వినికిడి బాగానే ఉందమ్మా. రోజుకు ఎంతసేపు చూస్తాడు?" అన్నారు. "అరగంట" అన్నాను. కోడలు నావైపు ఒక్క చూపు చూసి, "మూడు గంటలుంటుందండీ" అంది. నా మొహం ఎక్కడ పెట్టుకోను!

ఆయన కోప్పడలేదు. మన దేశంలోని పిల్లల వైద్యుల సంఘం, ఇండియన్ అకాడమీ ఆఫ్ పీడియాట్రిక్స్, ఏం చెబుతోందో చెప్పారు. రెండేళ్లలోపు వాళ్లకు తెర అసలు వద్దు. దూరాన ఉన్న తాతయ్యనో, పిన్నినో వీడియో కాల్‌లో చూపించడం మాత్రం ఫర్వాలేదు. రెండు నుంచి అయిదేళ్ల వాళ్లకు రోజుకు గంట దాటకూడదు. అదీ ఎంత తక్కువైతే అంత మంచిది. ఇదంతా చెప్పి, "ఆ చూసేది ఏమిటో మీరెప్పుడైనా పక్కన కూర్చుని చూశారా?" అని అడిగారు. లేదు. ఫోను చేతికిచ్చి నేను కాసేపు నడుం వాల్చేదాన్ని.

ఆ రాత్రి వాడు పడుకున్నాక గోడ గడియారం ఎదురుగా పెట్టుకుని చూశాను. ఒక్క నిమిషంలో బొమ్మ ఇరవై రెండుసార్లు మారింది! ఏనుగు నీలమైపోయింది, కారు ఆకాశంలోంచి ఊడిపడింది, బుడగలు పేలాయి, వెనకాల డప్పులు. అందరూ అరుస్తూనే మాట్లాడతారు. నాకే కళ్లు తిరిగాయి. రెండేళ్ల పిల్లాడు దాన్ని చూస్తూ అన్నం మింగాడంటే అది రుచి తెలిసి తిన్న తిండేనా?

దీని మీద పరిశోధనలు కూడా జరిగాయని కోడలు వెతికి చెప్పింది. అమెరికాలో వర్జీనియా విశ్వవిద్యాలయం వాళ్లు 2011లో నాలుగేళ్ల పిల్లలు 60 మందిని మూడు జట్లుగా చేశారు. ఒక జట్టుకు హడావుడి కార్టూన్, ఒక జట్టుకు నెమ్మదైన కార్టూన్ చూపించారు. మూడో జట్టుకు కాగితం, రంగులు ఇచ్చారు. అంతా కలిపి తొమ్మిది నిమిషాలే. మొదటి కార్టూన్‌లో దృశ్యం సగటున 11 సెకన్లకోసారి మారితే, రెండోదాంట్లో 34 సెకన్లకోసారి. తర్వాత పిల్లల చేత చిన్న చిన్న ఆటలు ఆడించారు. తల ముట్టుకోమంటే కాలివేళ్లు ముట్టుకోవాలి, ఎదురుగా చిరుతిండి పెట్టి ఆగమంటే ఆగాలి. హడావుడి కార్టూన్ చూసినవాళ్లు మిగతా రెండు జట్లకంటే వెనకబడ్డారు. అది చూసిన వెంటనే కనిపించిన తేడా మాత్రమే, జన్మంతా ఉండిపోయేదని ఎవరూ అనలేదు. 2015లో మళ్లీ పరీక్షించినప్పుడు, వేగం కంటే కూడా జరగడానికి వీల్లేని వింతలు ఒకదాని మీద ఒకటి వచ్చిపడటమే పసిబుర్రను ఎక్కువ అలసటకు గురిచేస్తోందని ఆ బృందం తేల్చింది. నీలం ఏనుగు గుర్తొచ్చింది నాకు.

ఇక ఏం చూపించాలి? ఛోటా భీమ్ మన హైదరాబాదులోనే తయారైనదే, కానీ అది పెద్ద పిల్లలది. రెండేళ్లవాడికి కుస్తీలెందుకు? ఇంగ్లీషువి పెడితే వాడికీ అర్థం కాదు, నాకూ అంతంతమాత్రం. అలాంటప్పుడు దొరికింది పింగు. 1990లో టీవీలోకి వచ్చిన స్విట్జర్లాండ్ బొమ్మ. మట్టితో చేసిన పెంగ్విన్ పిల్లాడు. వాళ్లింట్లో ఏ భాషా మాట్లాడరు, అదో రకం కూతలు. కథంతా మొహంలోనే తెలిసిపోతుంది. ఒక్కోటి అయిదారు నిమిషాలు. స్పెయిన్ వాళ్ల పొకోయో కూడా బాగుంది. వెనకంతా తెల్లటి గోడలా ఉంటుంది. ఒక పిల్లాడు, ఒక బాతు, ఒక ఏనుగు, అంతే. ఐర్లండ్ వాళ్ల పఫిన్ రాక్‌లో సముద్రపు పక్షులు అక్కాతమ్ముడు. కథ చెప్పే గొంతు మెత్తగా ఉంటుంది.

నాకు అన్నిటికంటే నచ్చింది చెక్ దేశపు చిట్టెలుకలాంటి జంతువు. నేల తవ్వుకుని బతికే మోల్. జ్దెనెక్ మిలెర్ అనే ఆయన దాని మొదటి సినిమా 1957లో తీశారు. దానికి జేబులున్న లాగు కావాలి. అవిసె మొక్క పెంచుతుంది, సాలీళ్లు దారం వడుకుతాయి, చీమలు నేస్తాయి, రొయ్యలాంటి ప్రాణి కత్తిరిస్తుంది, పక్షి కుడుతుంది. మాటలు చెక్ భాషలో ఉంటే ఏం, శబ్దం తగ్గించి నేనే తెలుగులో చెప్పేశాను. మాది మంగళగిరి పక్కనే. మగ్గం చప్పుడు వింటూ పెరిగినదాన్ని, నాకొకరు చెప్పాలా?

అయితే మార్చడం అంత సులువు కాలేదండోయ్. మొదటి మూడు రోజులూ నరకమే. పింగును చూసి "ఇది వద్దూ" అని ఫోను విసిరికొట్టాడు. అందుకే ఫోను తీసేసి హాల్లో టీవీలో పెట్టడం మొదలుపెట్టాం. ఒకటి అయిపోగానే దానంతటదే ఇంకోటి మొదలయ్యే ఏర్పాటును మా అబ్బాయి ఆపేశాడు. ఇది తప్పక చేయించండి, సగం గొడవ అక్కడే తగ్గుతుంది. టీవీ ఆర్పే మీట నొక్కేది వాడే. తన చేత్తో ఆర్పితే ఏడుపు రాదు, ఎందుకో మరి. అన్నం దగ్గర మాత్రం ఏ తెరా లేదు. గిన్నె తీసుకుని డాబా మీదకు వెళ్తున్నాం. సగం అన్నం కాకులకే పోతోంది. "వీడు చిక్కిపోయాడమ్మా" అని మావాడి సణుగుడు. పదిహేను రోజులు నాకూ దిగులే. తూకం చూసి డాక్టరుగారు ఫర్వాలేదన్నాకే నిద్రపట్టింది.

నెమ్మదైనవి కదా అని కళ్లు మూసుకుని నమ్మకండి. పింగులో ఒకచోట కలలో పేద్ద సముద్రపు జంతువు కోరలతో వస్తుంది. మావాడు నా కొంగులో దూరి వణికిపోయాడు. అప్పటినుంచి ముందు నేను చూశాకే వాడికి. గబగబా మెరిసే వెలుగులున్నవైతే అసలే వద్దు. 1997 డిసెంబరులో జపాన్‌లో పోకెమాన్‌లో ఎరుపు, నీలం వెలుగులు వేగంగా మెరిసినందుకు దాదాపు 685 మంది పిల్లలను ఆసుపత్రులకు తీసుకెళ్లాల్సి వచ్చింది.

ఇప్పుడు వాడు రోజుకు అరగంటకు మించి చూడటం లేదు, ఈసారి నిజంగానే అరగంట! పోయిన నెల జ్వరం వచ్చినప్పుడు గంటన్నర చూశాడు. అదీ డాక్టరుగారికి చెప్పేశాను. రాత్రి ఏడుపులు చాలావరకు తగ్గాయి.

మొన్న నా చీర కుచ్చిళ్లు పట్టుకుని అటూ ఇటూ వెతుకుతున్నాడు. "ఏంట్రా?" అంటే "నానమ్మా, జేబేదీ?" అన్నాడు. చీరకు జేబుండదురా అంటే ఒప్పుకోడే! చివరికి కోడలు వాడి నిక్కరుకే ఇంకో పెద్ద జేబు కుట్టిపెట్టింది. ప్రస్తుతం అందులో రెండు గులకరాళ్లు, ఒక కాకి ఈక ఉన్నాయి. ఉతికేముందు తీసి పక్కన పెట్టకపోతే ఊరుకోడు.