వ్యాసార్థం రుణాత్మకమైతే బిందువు ఎక్కడ?

ధ్రువం నుంచి కొలిచే దూరం రుణ సంఖ్య ఎలా అవుతుంది? ధ్రువ నిరూపకాల దగ్గర చాలామందికి వచ్చే సందేహం ఇది. నిజమే, దూరం రుణాత్మకం కాదు. ఇక్కడ రుణ గుర్తు తెలిపేది దిశను.

(−3, 60°) బిందువును గుర్తిద్దాం. మీరు ధ్రువం వద్ద నిలబడినట్లు ఊహించుకోండి. ఆది రేఖ నుంచి అపసవ్య దిశలో 60° తిరగండి. ముఖం అటే ఉంచి, 3 యూనిట్లు వెనక్కి నడవండి. చేరిన చోటు మూడో పాదంలో ఉంటుంది. అదే (3, 240°). రుణ గుర్తును కోణానికి తగిలించడం తరచుగా జరిగే పొరపాటు. అలా చేస్తే నాలుగో పాదంలోని (3, −60°) వస్తుంది. అది వేరే బిందువు. అనుమానం ఉంటే కార్టీజియన్ నిరూపకాలు కట్టి చూడండి. −3 × కొసైన్ 60° = −1.5, −3 × సైన్ 60° సుమారు −2.6. రెండూ రుణాత్మకాలే, కాబట్టి మూడో పాదమే.

ఈ తిప్పలెందుకు, ధన విలువలతోనే సరిపెట్టుకోవచ్చు గదా అనిపించవచ్చు. కోణాన్ని రెట్టింపు చేసి, దాని కొసైన్ విలువను వ్యాసార్థంగా తీసుకుని, 0° నుంచి 360° వరకు వక్రం గీయండి. నాలుగు రేకుల పువ్వు వస్తుంది. 45°, 135° మధ్య వ్యాసార్థం రుణాత్మకం; 90° వద్ద అది −1. మనం చూస్తున్నది పైకి, రేకు ఏర్పడేది కింద! పై రేకు 225°, 315° మధ్య, కిందికి చూస్తున్నప్పుడు వస్తుంది. రుణ విలువలను వదిలేస్తే కాగితంపై కుడి, ఎడమ రేకులు రెండే మిగులుతాయి.