తప్పుకోనన్న జడ్జి

అమెరికాలో ఫెడరల్ ట్రయల్ కోర్టును డిస్ట్రిక్ట్ కోర్టు అంటారు. సాక్షులు బోనెక్కేది, జ్యూరీ కూర్చునేది అక్కడే. జడ్జి పేరును అధ్యక్షుడు ప్రతిపాదిస్తారు, సెనేట్ ఆమోదిస్తుంది. ఆ తర్వాత నిర్బంధ పదవీ విరమణ వయసంటూ ఉండదు.

1966లో అధ్యక్షుడు లిండన్ జాన్సన్ న్యూయార్క్‌లోని అలాంటి కోర్టుకు కాన్‌స్టన్స్ బేకర్ మోట్లీని నియమించారు. ఫెడరల్ జడ్జి అయిన తొలి నల్లజాతి మహిళ ఆమే. అంతకుముందు పౌరహక్కుల న్యాయవాదిగా సుప్రీంకోర్టులో 10 కేసులు వాదించి 9 గెలిచారు. నల్లజాతి విద్యార్థి జేమ్స్ మెరెడిత్‌కు 1962లో మిసిసిపీ యూనివర్సిటీలో చోటు దక్కింది ఆమె వాదనతోనే.

ఆ గతాన్నే ఆమె మీదికి అస్త్రంగా ఎత్తారు. మహిళలపై వివక్ష చూపుతోందంటూ ఒక మహిళా లాయరు పెద్ద లా సంస్థపై వేసిన కేసు ఆమె ముందుకొచ్చింది. ‘మీరు స్త్రీ, పైగా వివక్ష కేసులు వాదించినవారు, తప్పుకోండి’ అన్నది ప్రతివాదుల వాదన.

మోట్లీ తప్పుకోలేదు. జాతి, లింగం చూసి పక్కకు జరగాల్సివస్తే ఈ కోర్టులో ఏ జడ్జీ ఈ కేసు వినలేరని 1975లో తేల్చిచెప్పారు. మగ జడ్జి మాత్రం ఏదో ఒక లింగానికి చెందినవాడు కాడా? ఇంతకన్నా సూటి జవాబు ఉండదు.

1978లో మహిళా విలేకరికి బేస్‌బాల్ మైదానమైన యాంకీ స్టేడియం లాకర్ రూమ్ తలుపులు తెరిపించిన తీర్పూ ఆమెదే. 1982లో ఆ కోర్టుకు చీఫ్ జడ్జి అయ్యారు. 2005లో కన్నుమూసేదాకా సీనియర్ జడ్జిగా కొనసాగారు.