చలనచిత్ర సాక్ష్యములు – మన కర్తవ్యము

పూర్వరాజుల చరిత్రకు శిలాశాసనములు సాక్ష్యమిచ్చినట్లు, ఇరువదవ శతాబ్ది చరిత్రకు చలనచిత్రపు రీళ్లు సాక్ష్యమిచ్చుచున్నవి. అయినను శాసనములయెడ మనకు గల గౌరవములో పదవవంతైనను ఈ రీళ్లయెడ కానరాదు.

వీనిని సేకరించుట యెంత శ్రమసాధ్యమో ఏ.కే. చెట్టియారుగారి కృషియే చెప్పగలదు. 1937లో అమెరికానుండి ఐర్లండునకు ఓడపై పోవుచుండగా, మహాత్మునిగూర్చి చిత్రము కూర్పవలెనన్న సంకల్పము వారికి కలిగెను. ముప్పది యేండ్లలో నూరుగురు ఛాయాగ్రాహకులు తీసిన దృశ్యములు అప్పటికి దేశదేశములందు చెదరియుండెను. వారు ఇంచుమించు లక్షమైళ్లు తిరిగి, 50,000 అడుగుల ఫిలిము సేకరించి, అందుండి 12,000 అడుగుల చిత్రమును 1940లో తమిళమున ప్రదర్శించిరి. పిదప తెలుగు వ్యాఖ్యానముతోను అది వెలువడెను.

అట్టి చిత్రమే బహుకాలము కానరాకపోయెను! చరిత్రకారులు వెదుకగా వెదుకగా, 1953 నాటి ఆంగ్లరూపము అమెరికా విశ్వవిద్యాలయమొకదానిలో లభించినది. సేకరించుట యొక యెత్తు, కాపాడుట యొక యెత్తు.

ఈ నష్టమునకు కారణములు స్పష్టము. 1950 ప్రాంతమువరకు వాడుకలోనుండిన నైట్రేటు ఫిలిము నిప్పంటుకొన్నచో నీటముంచినను ఆరదు. తరువాతి ఎసిటేటు ఫిలిము ఉక్కకును తేమకును చెడి పులిసిన వాసన కొట్టును. మిగిలినవానిని వెండికొరకు కరగించినవారును కలరు. 1921లో ప్రకాశుగారు తీసిన 'భీష్మ ప్రతిజ్ఞ' నేడు చూచుటకు లేదు. 1913 నాటి ఫాల్కేగారి 'రాజా హరిశ్చంద్ర'లో మొదటి, చివరి రీళ్లు మాత్రమే దక్కినవి. 1964లో పూనాయందు జాతీయ ఫిలిం భాండారము వెలసి, పి.కె. నాయరుగారి పట్టుదలచే ఎన్నియో చిత్రములు బ్రతికినవి. కాని 2003లో అచ్చటనే అగ్నిప్రమాదమున నైట్రేటు రీళ్లు పెక్కులు దగ్ధమయ్యెను.

డిజిటలు నకలు తీసిన చాలదా యని కొందరందురు. నకలు అవసరమే; కాని యంత్రములు మారినపుడెల్ల దానిని మరల మార్చుకొనక తప్పదు. మూలము చల్లని, తేమలేని చోట నుండినచో, మరల నకలు తీసికొనవచ్చును. కావున మూలమును పారవేయుట అవివేకము.

మన జిల్లాలలోని పాత లోగిళ్లయందును, మూతపడిన సినిమాహాళ్లయందును పెండ్లిండ్లు, ఉత్సవములు, రాజకీయసభలు గల డబ్బాలు పడియుండుట అసంభవము కాదు. ఇంటివారు వానిని పాతసామానులవానికి తూచి యిచ్చుటకు ముందు తెలిసినవారికి చూపవలెను. వెండికై కరగిన రీలును ఎంత వెండి పోసినను మరల కొనలేము. మడిచెక్క దస్తావేజును పదిలపరచుకొను మనము, జాతి దస్తావేజును పోగొట్టుకొనుట న్యాయమా?