గొయ్యిలో కోడి, కొన మీద పిల్లనగ్రోవి

మెక్సికో నగరం, చపుల్‌తెపెక్ పార్కు. మానవశాస్త్ర మ్యూజియం ఎదుట పాతిన ఇనుప స్తంభం కొసన, పాదాలు మాత్రమే పట్టే చెక్క దిమ్మ మీద ఒకాయన నిలబడి ఉంటాడు. నడుముకు తాడు లేదు, కింద వల లేదు. ఒక చేతిలో పిల్లనగ్రోవి, ఆ చేతికే కట్టిన బుల్లి డోలు, రెండో చేత్తో దరువు. నాలుగు దిక్కులకూ మొక్కి, అక్కడే చిందేస్తాడు. చూసేవాళ్లకే కాళ్లు వణుకుతాయి.

ఆయన్ని కపొరాల్ అంటారు. ఆయన చుట్టూ చట్రం మీద కూర్చున్న నలుగురూ నడుముకు తాడు బిగించుకుని ఒక్కసారిగా వెల్లకిలా వాలిపోతారు. స్తంభానికి చుట్టిన తాళ్లు విప్పుకుంటున్న కొద్దీ చట్రం గిర్రున తిరుగుతుంది, తలకిందుల మనుషుల వలయం పెద్దదవుతూ నేలకు దిగుతుంది. మనిషికి 13 చుట్లు, నలుగురికీ కలిపి 52. ప్రాచీన మెక్సికో పంచాంగంలో ఒక కాలచక్రం 52 ఏళ్లు. మన అరవై సంవత్సరాల లెక్కలాంటిదే.

వీళ్లు వొలదోర్లు, అంటే ఎగిరేవాళ్లు. వెరాక్రూజ్ రాష్ట్రంలోని పపాంత్ల ఈ విద్యకు పెట్టింది పేరు. అక్కడి తొతొనాక్ జనం వెనిల్లా పండించడంలోనూ ఆద్యులే. కరవు వచ్చినప్పుడు వాన కోసం మొదలైన మొక్కు ఇదని వాళ్ల కథ.

అసలు తంతు అడవిలోనే మొదలవుతుంది. చెట్టును ఎంచి, దాని చుట్టూ ఆడి, క్షమించమని అడిగాకే గొడ్డలి వేస్తారు. మానును ఊరికి తెచ్చాక, పాతే గొయ్యిలో సారా పోసి, బతికున్న కోడిని వేస్తారు. అడవులు నరికి పశువుల బీళ్లు చేశాక అంత పొడవైన మాను దొరకడం గగనమైంది. అందుకే చాలాచోట్ల ఇనుము వచ్చింది. ఇనుముకు క్షమాపణ చెప్పుకోనక్కర్లేదు. నాకు వెలితిగా తోచేది అదొక్కటే. టూరిస్టుల కోసం ఆడుతున్నారన్న సణుగుడును మాత్రం నేను పట్టించుకోను. కడుపు నిండని విద్యను ఏ కొడుకు నేర్చుకుంటాడు?

యునెస్కో 2009లో దీన్ని వారసత్వ జాబితాలో చేర్చింది. అంతకంటే పెద్ద కబురు పిల్లల బడి. పొట్టి స్తంభం మీద ఎక్కడం, దిగడంతో పాటు పిల్లనగ్రోవి, తొతొనాక్ భాష, చెట్టుకు దండం పెట్టే తీరు కూడా అక్కడ పెద్దల దగ్గరే నేర్చుకుంటారు. ఆడపిల్లలు ఎక్కడం కొందరు పెద్దలకు ఇప్పటికీ మింగుడుపడదు. పొరుగున ఉన్న ప్యూబ్లా కొండ ఊళ్లలో మాత్రం ఆడపిల్లలు ఎగురుతూనే ఉన్నారు.

మ్యూజియం ఎదుట నలుగురూ నేల తాకగానే చప్పట్లు. కపొరాల్ ఒక తాడు పట్టుకుని జారి దిగేసరికి ఫోన్లు జేబుల్లోకి వెళ్లిపోతాయి. వాటితో పాటు జనమూ కదిలిపోకముందే, ఎర్ర లాగు కుర్రాడొకడు టోపీ చాపుకుని గబగబా వాళ్ల మధ్యకు నడుస్తాడు.